రోడ్డు ప్రమాదంలో మరణం: ‘తప్పు మీవాడిదీ ఉంది’ అంటే పరిహారం ఎంత పోతుంది?

బైకు మీద వెళ్తున్న మనిషిని లారీ గుద్దింది, మనిషి పోయాడు. కుటుంబం పరిహారం కేసు వేసింది. ఇన్సూరెన్స్ కంపెనీ కౌంటరులో దాదాపు ప్రతిసారీ కనిపించే వాక్యం ఒకటుంది: ‘ప్రమాదంలో మృతుడి తప్పు కూడా ఉంది.’ హెల్మెట్ లేదని, బండి మీద ముగ్గురున్నారని, లైసెన్సు లేదని, రాంగ్ సైడులో వచ్చాడని రాస్తారు. ఈ మాట నిలబడితే రావాల్సిన సొమ్ములో పావు వంతో, సగమో పోతుంది. నిలబడకపోతే పూర్తి సొమ్ము వస్తుంది. చట్టం భాషలో దీన్ని కంట్రిబ్యూటరీ నెగ్లిజెన్స్ అంటారు. మామూలు మాటల్లో చెప్పాలంటే, తప్పులో చనిపోయిన మనిషి వాటా.

ఈ వాటా ఎలా తేలుతుందో తెలియక చాలా కుటుంబాలు లాయరు చెప్పిన అంకెకో, లోక్ అదాలత్‌లో కంపెనీ చెప్పిన అంకెకో తల ఊపేస్తాయి. తలాఖ్ గురించీ, వక్ఫ్ ఆస్తుల గురించీ మన ఇళ్లల్లో జరిగినంత చర్చ ఈ విషయం మీద జరగదు. ఇంటికి ఆధారమైన మనిషి పోయినప్పుడు మాత్రం పిల్లల చదువు నిలబడేది ఈ డబ్బు మీదే.

ఏ సెక్షన్ కింద అడగాలి

మోటారు వాహనాల చట్టం 1988లో ప్రధానంగా రెండు దారులున్నాయి. మొదటిది సెక్షన్ 164. దీని కింద తప్పు ఎవరిదని నిరూపించక్కర్లేదు. మరణానికి 5 లక్షలు, తీవ్ర గాయానికి 2.5 లక్షలు ఇస్తారు, అంతకు మించి రాదు. రెండోది సెక్షన్ 166. దీనికింద అవతలి డ్రైవరు నిర్లక్ష్యం చూపించాలి, కానీ పరిహారానికి పైహద్దు లేదు. 2019 సవరణ తర్వాత ఒక మెలిక వచ్చింది. సెక్షన్ 164 సొమ్మును కంపెనీ నుంచి సెటిల్మెంట్‌గా తీసేసుకుంటే, 166 కింద వేసిన కేసు దానంతట అదే రద్దయిపోతుంది. దఫన్ అయిన వారానికే ఎవరో వచ్చి ‘5 లక్షల చెక్కు సిద్ధంగా ఉంది, సంతకం పెట్టండి’ అంటే, సంపాదించే మనిషి పోయిన ఇంటికి అది చవక బేరం కావచ్చు.

గుద్ది పారిపోయిన బండి దొరకకపోతే అది హిట్ అండ్ రన్ కేసు. 2022 ఏప్రిల్ 1 నుంచి ఇందులో మరణానికి 2 లక్షలు, తీవ్ర గాయానికి 50 వేలు ఇస్తున్నారు. దీనికి కోర్టుకు కాకుండా రెవెన్యూ అధికారులకు దరఖాస్తు పెట్టుకోవాలి.

ఆరు నెలల గడువు, ఇద్దత్

2022 ఏప్రిల్ 1 నుంచి సెక్షన్ 166 పిటిషన్‌కు ప్రమాదం జరిగిన రోజు నుంచి ఆరు నెలల గడువు పెట్టారు. ఈ గడువు చెల్లుతుందా లేదా అన్న వివాదం సుప్రీంకోర్టు దాకా వెళ్లింది. కానీ కుటుంబం ఆ వివాదం మీద పందెం కాయకూడదు. భర్త పోయిన స్త్రీకి ఇద్దత్ నాలుగు నెలల పది రోజులు. ‘ఇద్దత్ అయ్యాక చూద్దాంలే’ అనుకుంటే చేతిలో నెలన్నర మాత్రమే మిగులుతుంది. ఆ నెలన్నరలోనే కాగితాలన్నీ తేవాలి. వకాల్తా మీద సంతకం ఇంట్లోనే పెట్టొచ్చు. పిటిషన్ వేయడానికి ఆమె కోర్టుకు రానక్కర్లేదు. సాక్ష్యం చెప్పాల్సిన రోజు చాలా తర్వాత వస్తుంది. త్వరగా వేస్తే ఇంకో లాభం కూడా ఉంది. పరిహారం మీద వడ్డీ పిటిషన్ వేసిన తేదీ నుంచి లెక్కకడతారు, అంతకు ముందు కాలానికి ఇవ్వరు.

ఎక్కడ వేయాలన్న దాంట్లో వెసులుబాటు ఉంది. ప్రమాదం హైదరాబాద్ ఔటర్ రింగు రోడ్డు మీద జరిగినా, కుటుంబం కర్నూలులో ఉంటే కర్నూలు ట్రిబ్యునల్‌లోనే వేయొచ్చు. మన జిల్లా కోర్టుల్లో దీన్ని ఎం.వి.ఓ.పి. అంటారు. పోలీసులు కూడా 48 గంటల్లో మొదటి ప్రమాద నివేదిక, 90 రోజుల్లో వివరమైన నివేదిక ట్రిబ్యునల్‌కు పంపాలి. ఆ నివేదికనే పిటిషన్‌గా తీసుకునే వీలు చట్టంలో ఉంది. అయితే పోలీసులే పంపుతారులే అని ఊరుకోవడం మంచిది కాదు.

ఒక శాతం అంటే ఎంత

తప్పులో వాటా ఎంత ఖరీదో తెలియాలంటే ముందు లెక్క తెలియాలి. 2009లో సరళా వర్మ కేసులో, 2017లో ప్రణయ్ సేథి కేసులో సుప్రీంకోర్టు ఈ లెక్కను స్థిరపరిచింది. ఒక ఊహా ఉదాహరణ తీసుకుందాం. మృతుడు 32 ఏళ్ల బైక్ మెకానిక్, సొంత షెడ్డు, నెలకు 15,000 సంపాదన. ఇంట్లో భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి ఉన్నారు.

ఏడాది సంపాదన 1,80,000. సొంతంగా పనిచేసుకునేవాడు, 40 ఏళ్ల లోపు వాడు కాబట్టి ముందు ముందు పెరిగే ఆదాయం కింద 40 శాతం కలుపుతారు (40 నుంచి 50 ఏళ్ల మధ్య అయితే 25 శాతం, 50 నుంచి 60 అయితే 10. పర్మినెంట్ ఉద్యోగికి ఇవే 50, 30, 15). మొత్తం 2,52,000 అవుతుంది. అందులో అతని సొంత ఖర్చు తీసేస్తారు. ఆధారపడినవాళ్లు ఇద్దరు ముగ్గురైతే మూడో వంతు, నలుగురు నుంచి ఆరుగురైతే నాలుగో వంతు, అంతకు మించితే అయిదో వంతు తీస్తారు. పెళ్లికానివాడైతే సాధారణంగా సగం పోతుంది. ఇక్కడ నలుగురు కాబట్టి నాలుగో వంతు తీస్తే 1,89,000 మిగులుతుంది. దాన్ని వయసును బట్టి వచ్చే గుణకంతో హెచ్చించాలి. 15 నుంచి 25 ఏళ్ల వాళ్లకు గుణకం 18. 26 నుంచి 30 వరకు 17, 31 నుంచి 35 వరకు 16. అక్కణ్నుంచి తగ్గుతూ పోయి 65 దాటితే 5 అవుతుంది. మన లెక్కలో 16 కాబట్టి 30,24,000.

దీనికి తోడు తోడు కోల్పోయినందుకు తలా ఒక మొత్తం, ఆస్తి నష్టం, అంత్యక్రియల ఖర్చు ఇస్తారు. 2017లో ఇవి వరుసగా 40 వేలు, 15 వేలు, 15 వేలు. మూడేళ్లకోసారి 10 శాతం పెంచాలన్నారు. రెండుసార్లు పెరిగిన లెక్కలో 48,400, 18,150, 18,150. తోడు కోల్పోయిన సొమ్ము భార్యకే కాదు, పిల్లలకూ తల్లిదండ్రులకూ విడివిడిగా వస్తుందని 2018లో సుప్రీంకోర్టు చెప్పింది. నలుగురికి 1,93,600, మిగతా రెండూ కలిపి 36,300. మొత్తం 32,53,900 రూపాయలు.

ఇప్పుడు తప్పులో వాటా చూద్దాం. కోర్టు 25 శాతం మృతుడిదే అంటే 8,13,475 పోయి 24,40,425 వస్తుంది. సగం సగం అంటే 16,26,950. ఒక్కో శాతానికి 32 వేల పైచిలుకు. ఇన్సూరెన్స్ కంపెనీ లాయరు ఈ పాయింటును వదలకుండా పట్టుకోవడానికి కారణం ఇదే.

సంపాదనకు కాగితం లేదని భయపడక్కర్లేదు. జీతం సర్టిఫికెట్ లేకపోతే కనీస వేతనం ఒక ఆధారమే, అదే ఆఖరి మాట కాదని సుప్రీంకోర్టు 2021లో చెప్పింది. షెడ్డు అద్దె రసీదు, ఫోన్‌పే లావాదేవీలు, పక్క షాపు యజమాని సాక్ష్యం అన్నీ పనికొస్తాయి. చనిపోయింది గృహిణి అయినా ఆమె పనికి విలువ కట్టాలి, దానికి భవిష్యత్ పెంపు కూడా కలపాలి. ఇదీ 2021 తీర్పే.

తప్పు వాటా ఎప్పుడు నిలబడుతుంది

చట్టం ఉల్లంఘించడం వేరు, ప్రమాదానికి కారణం కావడం వేరు. మొత్తం వాదన ఈ తేడా మీదే నడుస్తుంది.

బైకు మీద ముగ్గురు ఉన్నారనుకుందాం. అది చలానా రాయదగ్గ నేరమే. కానీ వెనక నుంచి కారొచ్చి గుద్దితే, బండి మీద ఇద్దరున్నా ముగ్గురున్నా గుద్దేది గుద్దేదే. సరిగ్గా ఇలాంటి వాదన మీదే ఒక హైకోర్టు 20 శాతం కోసేస్తే, 2020 జనవరిలో సుప్రీంకోర్టు ఆ కోతను కొట్టేసింది. మూడో మనిషి ఉండటం వల్లే ప్రమాదం జరిగిందనో, దెబ్బ తీవ్రత పెరిగిందనో చూపిస్తే తప్ప కోయడానికి లేదంది. లైసెన్సు లేకపోవడమూ అంతే. లైసెన్సు లేనంత మాత్రాన నిర్లక్ష్యం చేసినట్టు కాదని 2008లోనే సుప్రీంకోర్టు చెప్పింది, 2018లో మళ్లీ చెప్పింది.

హెల్మెట్ విషయంలో మాత్రం అన్ని కోర్టులూ ఒకే తీరుగా లేవు. హెల్మెట్ లేకపోవడం వల్ల ప్రమాదం జరగదు, నిజమే. కానీ చావుకు తల దెబ్బే కారణమైతే కొన్ని చోట్ల కొంత కోత పడుతోంది. పోస్టుమార్టం నివేదికలో మరణ కారణం కడుపు దెబ్బో, ఛాతీ దెబ్బో అని ఉంటే హెల్మెట్ వాదనకు పస ఉండదు. అన్నట్టు, హెల్మెట్ నుంచి సెక్షన్ 129 ఇచ్చిన మినహాయింపు తలపాగా కట్టిన సిక్కులకు. టోపీ ఉంది, హిజాబ్ ఉంది అన్న కారణాలు అందులో లేవు.

రాత్రిపూట హైవే మీద లైట్లు లేకుండా ఆపిన లారీని వెనక నుంచి గుద్దుకుని చనిపోయే కేసులు మన రెండు రాష్ట్రాల్లో చాలా. ‘ఆగి ఉన్న లారీని గుద్దాడు కాబట్టి తప్పు బైకువాడిదే’ అని వాదిస్తారు. 2018లో, 2020లో వచ్చిన రెండు కేసుల్లో రోడ్డు మధ్యలో ఇండికేటర్ లేకుండా బండి నిలిపారు. హైకోర్టులు సగం తప్పును గుద్దుకున్నవాళ్ల మీద వేస్తే సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. అలాగని ప్రతిసారీ ఇదే ఫలితం రాదు. ముందు వెళ్తున్న లారీకి తగినంత దూరం పాటించకుండా వెనక నుంచి గుద్దిన కారు కేసులో, 2018లో అదే కోర్టు తప్పు కారు డ్రైవరుదే అంది, లారీ మీద వేసిన క్లెయిము నిలవలేదు. ఆపిన లారీకి వెనక రెడ్ లైటు ఉందా, రాళ్లో కొమ్మలో అడ్డుపెట్టారా, రోడ్డు అంచున ఉందా మధ్యలోనా అన్న చిన్న వివరాల మీదే లక్షలు ఆధారపడతాయి. ప్రమాదం జరిగిన గంటలో ఎవరైనా ఫోనులో తీసిన ఫొటో ఉంటే అది దాచిపెట్టాలి.

నిరూపించే భారం ఎవరిది? తప్పులో వాటా ఉందని అన్నవాళ్లే నిరూపించాలి. అంటే ఇన్సూరెన్స్ కంపెనీ, లేదా బండి యజమాని. రఫ్ స్కెచ్‌లో బండ్లు పడిన చోటు చూపించి ‘ఇద్దరూ మధ్యలోకి వచ్చారు’ అని ఊహించడం కుదరదని, వేరే సాక్ష్యం ఉండాలని 2013లో సుప్రీంకోర్టు చెప్పింది. చాలా కేసుల్లో కంపెనీ లారీ డ్రైవరును సాక్షిగా పిలవనే పిలవదు. ఆ లోటును లాయరు ఎత్తిచూపాలి. క్రిమినల్ కేసులా అనుమానానికి తావులేకుండా రుజువు కావాలన్న నియమం ఇక్కడ లేదు, ఏది ఎక్కువ నమ్మదగ్గదో అది చాలు. డ్రైవరు మీద క్రిమినల్ కేసు కొట్టేసినా పరిహారం కేసు ఆగదు.

ఇద్దరు డ్రైవర్లదీ తప్పయితే

ఇక్కడే ఎక్కువ గందరగోళం జరుగుతుంది. ఆటోలో వెళ్తున్న ఒక అమ్మ, ఆటోకు లారీ ఢీకొని చనిపోయింది. ఆటోవాడిది 40 శాతం, లారీవాడిది 60 శాతం తప్పని తేలింది. ఆమె కుటుంబానికి వచ్చే సొమ్ములోంచి ఎంత కోయాలి? ఒక్క రూపాయి కూడా కోయకూడదు. ఆమె ఏ తప్పూ చేయలేదు, ఆటోవాడి తప్పును ఆమె నెత్తిన వేయలేరు. దీన్ని కాంపొజిట్ నెగ్లిజెన్స్ అంటారు, ఉమ్మడి తప్పు అనొచ్చు. ఇలాంటప్పుడు కుటుంబం ఇద్దరిలో ఎవరి నుంచైనా మొత్తం సొమ్మూ రాబట్టుకోవచ్చని 2015లో సుప్రీంకోర్టు ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం తేల్చింది. లెక్కలు వాళ్లూ వాళ్లూ తర్వాత చూసుకుంటారు.

బైకు వెనక కూర్చున్న భార్య, తమ్ముడు, కొడుకు కూడా ఇదే కోవలోకి వస్తారు. నడిపినవాడి తప్పు వెనక కూర్చున్నవాళ్లకు అంటదు. రోడ్డు దాటుతున్న చిన్నపిల్లల మీద కూడా నిర్లక్ష్యం మోపడానికి కోర్టులు ఒప్పుకోవు. భార్యాభర్తలిద్దరూ ఒకే ప్రమాదంలో పోతే రెండు పిటిషన్లు వేయాలి. భర్త కేసులో కోత పడినా భార్య కేసులో పడకూడదు. ఆ తేడా పట్టించుకోకుండా రెండింట్లోనూ ఒకే కోతకు రాజీ కాగితం రాయించే ప్రయత్నం జరిగితే సంతకం పెట్టకూడదు.

తప్పు పూర్తిగా చనిపోయినవాడిదే అయితే సెక్షన్ 166 కింద ఏమీ రాదు. సొంత దూకుడు డ్రైవింగ్‌తో చనిపోయిన వ్యక్తి కుటుంబానికి ఇన్సూరెన్స్ కంపెనీ చెల్లించక్కర్లేదని 2025 జులైలో కూడా సుప్రీంకోర్టు ఒక కర్ణాటక కేసులో చెప్పింది. అప్పుడు చూడాల్సింది బండి పాలసీలో యజమాని–డ్రైవరుకు ఉండే 15 లక్షల పర్సనల్ యాక్సిడెంట్ కవరు. ఇది చాలామంది అడగనే అడగరు. దీనికి మాత్రం యజమాని చెల్లే లైసెన్సు కలిగి ఉండాలి.

పోస్టుమార్టం వద్దనడం

మనవాళ్లలో మయ్యిత్‌ను ఆలస్యం చేయకుండా మట్టికివ్వాలన్న తొందర సహజం. శరీరాన్ని కోయించడం ఇష్టం లేక, ‘కేసు వద్దు సార్, మా బాడీ మాకిచ్చేయండి’ అని స్టేషన్లో రాసిచ్చి తెచ్చుకున్న కుటుంబాలున్నాయి. తర్వాత ఆరునెలలకు పరిహారం కోసం వెళ్తే ప్రమాదం వల్లే చనిపోయాడనడానికి ప్రభుత్వ కాగితం ఉండదు. ఎఫ్ఐఆర్, ఇంక్వెస్ట్ పంచనామా, పోస్టుమార్టం నివేదిక, ఎం.వి.ఐ. రిపోర్టు, ఛార్జిషీటు అనే అయిదు కాగితాలే ఈ కేసుకు వెన్నెముక. ఉదయమే ఆసుపత్రికి చేరి పోలీసులతో ఇంక్వెస్ట్ త్వరగా రాయిస్తే సాధారణంగా అస్ర్ నమాజుకల్లా జనాజా చేసుకునే వీలుంటుంది. మసీదు కమిటీ పెద్ద ఒకరు వెంట ఉంటే ఆ పని ఇంకా తేలిక.

గాయపడి కొన్ని వారాల తర్వాత ఇంట్లో చనిపోతే పరిస్థితి ఇంకా సున్నితం. అప్పుడు కూడా పోలీసులకు చెప్పి, గాయం కేసును మరణం కేసుగా మార్పించి, పోస్టుమార్టం చేయించాలి. లేకపోతే ‘వేరే జబ్బుతో పోయాడు’ అంటారు.

ఎఫ్ఐఆర్ ఎవరు ఇచ్చారన్నది కూడా చూడాలి. బైకు నడిపినవాడు అక్కడికక్కడే పోతే, లారీ డ్రైవరు చెప్పిందే ఫిర్యాదుగా మారి, చనిపోయినవాడినే నిందితుడిగా చూపి కేసు మూసేసే ప్రమాదం ఉంది. కుటుంబం మొదటి రెండు మూడు రోజుల్లోనే కాపీ తీసుకుని చదివించుకోవాలి. తప్పుగా ఉంటే చూసినవాళ్ల వాంగ్మూలంతో ఎస్పీకి రాతపూర్వకంగా ఫిర్యాదు ఇవ్వాలి. ఎఫ్ఐఆర్‌లో రాసిందే వేదం కాదు, ట్రిబ్యునల్ వేరే సాక్ష్యం తీసుకోవచ్చు. కానీ మొదటి కాగితం తప్పుగా ఉంటే దాన్ని దాటడానికి ఏళ్లు పడుతుంది.

పేర్ల తేడా మన ఇళ్లల్లో మరో తలనొప్పి. ఆధార్‌లో షేక్, రేషన్ కార్డులో ఎస్.కె., స్కూలు సర్టిఫికెట్లో బాషా, పాలసీలో పాషా. అన్నీ ఒకే మనిషివని ముందే అఫిడవిట్ చేయించుకోవాలి. నిఖానామా లేదా వక్ఫ్ బోర్డు ఇచ్చే మ్యారేజ్ సర్టిఫికెట్, పిల్లల బర్త్ సర్టిఫికెట్లు, తహసీల్దార్ దగ్గర కుటుంబ సభ్యుల సర్టిఫికెట్ సిద్ధం చేసుకుంటే సగం పని అయినట్టే.

బరాత్ డీసీఎంలో వెళ్తే

పెళ్లి బృందాలు డీసీఎం వ్యానులో, ట్రాక్టర్ ట్రాలీలో వెళ్లడం మన పల్లెల్లో మామూలే. సరుకుల బండిలో ఊరికే ఎక్కించుకున్న ప్రయాణికులకు ఆ బండి ఇన్సూరెన్స్ కంపెనీ బాధ్యత వహించదని 2002 డిసెంబరులో సుప్రీంకోర్టు తేల్చింది. తప్పు ఎవరిదైనా సరే, ఆ బండి పాలసీ కింద దక్కదు. తీర్పు వచ్చినా అది యజమాని మీద వస్తుంది, అతని దగ్గర ఆస్తి లేకపోతే కాగితమే మిగులుతుంది. అవతలి బండి తప్పు కూడా ఉంటే ఆ కంపెనీని తప్పకుండా కేసులో చేర్చాలి. ఆర్టీసీ బస్సయితే సంస్థే చెల్లిస్తుంది. అద్దె బస్సుకైతే ఇన్సూరెన్స్ కంపెనీ కూడా ఉంటుంది. లైసెన్సు లేని డ్రైవరు గుద్దితే సాధారణంగా కంపెనీ ముందు కుటుంబానికి చెల్లించి, యజమాని నుంచి వసూలు చేసుకోవాలని కోర్టులు ఆదేశిస్తాయి.

వచ్చిన డబ్బు ఎవరిది

పరిహారం రాగానే ఇంట్లో ఇంకో వివాదం మొదలవుతుంది. పిల్లలుంటే భార్యకు ఎనిమిదో వంతే కదా అని అత్తింటివారు అంటారు. ఆ లెక్క మృతుడు వదిలిన ఆస్తికి. ఈ సొమ్ములో పెద్ద భాగం అతను బతికుంటే ఇంటికి తెచ్చేది, దాని మీద ఆధారపడినవాళ్లకు జరిగిన నష్టం. అది అతని ఆస్తి కాదు. సెక్షన్ 168 కింద ఎవరికెంతో ట్రిబ్యునలే నిర్ణయిస్తుంది, మామూలుగా భార్యకూ మైనరు పిల్లలకూ ఎక్కువ వాటా వేస్తుంది. మైనర్ల వాటా వాళ్లకు 18 ఏళ్లు వచ్చేదాకా బ్యాంకులో డిపాజిట్‌గా ఉంటుంది. ఆమె మళ్లీ నిఖా చేసుకున్నా ఆ హక్కు పోదని కోర్టులు చెప్పాయి.

ట్రిబ్యునల్ తప్పులో వాటా అన్యాయంగా వేసిందనిపిస్తే 90 రోజుల్లో హైకోర్టుకు అప్పీలు చేసుకోవచ్చు. లాయరు ఫీజు ‘వచ్చినదాంట్లో ఇంత శాతం’ అని మాట్లాడుకోవడాన్ని బార్ కౌన్సిల్ నియమాలు ఒప్పుకోవు. ఆసుపత్రి గేటు దగ్గరే తెల్లకాగితం మీద సంతకం అడిగే ఏజెంట్లకు చట్టంలో ఏ చోటూ లేదు. స్త్రీలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచిత న్యాయసహాయం ఉంది. జిల్లా కోర్టు ఆవరణలోని న్యాయసేవాధికార సంస్థలో తెల్లకాగితం మీద దరఖాస్తు రాసిస్తే లాయరును కేటాయిస్తారు.